ఇసుక ట్రాక్టర్ సీజ్ చేశారా? బండిని చట్టప్రకారం విడిపించుకోవడం ఎలా

రాత్రి పదకొండు దాటాక నాకు వచ్చే ఫోన్లలో సగం ఇవే. "సార్, బండి పట్టుకున్నారు." ఎవరు పట్టుకున్నారని అడుగుతాను. "ఆఫీసర్లు సార్." ఏ ఆఫీసర్లు? అవతల కాసేపు మాట ఉండదు. పక్కనున్న డ్రైవర్‌ని అడుగుతారు. డ్రైవర్‌కీ తెలీదు. జీపు వచ్చింది, టార్చిలైటు వేశారు, తాళం లాక్కున్నారు, అంతవరకే గుర్తు.

చిన్న ఊరి కోర్టులో ప్రాక్టీసు నాది. ఇసుక, గ్రావెల్, మొరం, కంకర, మట్టి తోలుతూ పట్టుబడిన ట్రాక్టర్లు, టిప్పర్లు మా దగ్గర రోజూ చూసే సరుకే. ఇన్నేళ్లలో నేను గమనించింది ఒకటే. ఈ కేసులు పాడయ్యేది ఎక్కువగా మొదటి రెండు రోజుల్లోనే. ఎవరు పట్టుకున్నారు, ఏ చట్టం కింద పట్టుకున్నారు, ఎప్పుడు పట్టుకున్నారు అనే మూడు ముక్కలు కాగితం మీదికి రాబట్టగలిగితే సగం పని అయినట్టే. అవి లేకుండా హైకోర్టుకి పరిగెత్తినా, ఫైన్ కట్టినా చీకట్లో నడిచినట్టే ఉంటుంది.

ఇంకో మాట కూడా ముందే చెప్పాలి. రోజూ రాత్రి వాగులో ఇసుక తోడి పక్క రాష్ట్రానికి పంపేవాళ్ల కోసం ఇది రాయడం లేదు. పర్మిట్ గడువు గంట దాటినందుకు, డ్రైవర్ సొంత పెత్తనానికి, పొలానికి తోలుకున్న మట్టికి బండి పోగొట్టుకుని, నెల నెలా ఫైనాన్స్ కిస్తీ మాత్రం కడుతున్నవాళ్ల కోసం రాస్తున్నాను.

1. ముందు తెలుసుకోవాల్సింది: పట్టుకున్నదెవరు?

ఖనిజాలకు మూల చట్టం 1957 నాటి గనులు, ఖనిజాల చట్టం. కోర్టుల్లో ఎంఎండీఆర్ యాక్ట్ అంటారు. ఇందులో సెక్షన్ 4(1ఎ) ప్రకారం చట్టానికి, నిబంధనలకు విరుద్ధంగా ఖనిజాన్ని రవాణా చేయకూడదు, నిల్వ చేయకూడదు. చేస్తే సెక్షన్ 21(1) కింద అయిదేళ్ల వరకు జైలు, హెక్టారుకి అయిదు లక్షల రూపాయల వరకు జరిమానా. బండిని పట్టుకునే అధికారం సెక్షన్ 21(4)లో ఉంది. ఆ సెక్షన్‌ని నెమ్మదిగా చదవండి. "ఇందుకోసం ప్రత్యేకంగా అధికారం పొందిన అధికారి" మాత్రమే స్వాధీనం చేసుకోవచ్చు. ప్రభుత్వం జీవో ద్వారా ఎవరికి ఆ అధికారం ఇచ్చిందో వాళ్లే. యూనిఫాం ఉన్నంత మాత్రాన, జీపు ఉన్నంత మాత్రాన సరిపోదు.

దాని పక్కనే సెక్షన్ 21(4ఎ) ఉంది. ఈ వ్యాసంలో ఒక్కటే గుర్తుపెట్టుకోవాలంటే దీన్నే గుర్తుపెట్టుకోండి. పట్టుకున్న బండిని జప్తు చేయాలంటే, అంటే శాశ్వతంగా ప్రభుత్వపరం చేయాలంటే, నేరాన్ని విచారించే కోర్టు ఉత్తర్వు కావాలి. పట్టుకోవడం అధికారి పని, జప్తు కోర్టు పని. ఈ రెంటి మధ్య తేడా చాలామంది ఓనర్లకు తెలీదు. కొందరు అధికారులు కూడా తెలీనట్టే ఉంటారు.

పట్టుకున్నది ఎవరన్నదాన్ని బట్టి దారులు మారతాయి.

గనుల శాఖ వాళ్లు, అంటే రాయల్టీ ఇన్‌స్పెక్టర్, అసిస్టెంట్ జియాలజిస్ట్, ఏడీ (అసిస్టెంట్ డైరెక్టర్) ఆఫీసు సిబ్బంది పట్టుకుంటే సాధారణంగా ఎంఎండీఆర్ చట్టం, దాని కింద వచ్చిన 1966 నాటి చిన్నతరహా ఖనిజాల నిబంధనలు వర్తిస్తాయి. తెలంగాణలో ఇసుకకి విడిగా 2015 నాటి ఇసుక తవ్వకాల నిబంధనలు ఉన్నాయి.

తహసీల్దారు లేదా రెవెన్యూ సిబ్బంది పట్టుకుంటే ఎక్కువసార్లు వాల్టా చట్టం పేరు చెబుతారు. 2002లో వచ్చిన నీరు, భూమి, చెట్ల చట్టం అది. వాగుల్లో ఇసుక తవ్వకం దాని పరిధిలోకి వస్తుంది.

పోలీసులు పట్టుకుంటే దొంగతనం సెక్షన్ కూడా చేరుతుంది. ఇప్పుడు భారతీయ న్యాయ సంహిత 303, పాత రోజుల్లో ఐపీసీ 379. "ఖనిజాల చట్టం ఉండగా దొంగతనం కేసు ఎలా పెడతారు?" అని అడగడం తేలికే. 2014లో ఢిల్లీ ప్రభుత్వం వర్సెస్ సంజయ్ కేసులో సుప్రీంకోర్టు ఆ తలుపు మూసేసింది. ప్రభుత్వ భూమి నుంచి ఇసుక ఎత్తుకెళ్లడం వేరే నేరం, పోలీసులు కేసు పెట్టొచ్చు అంది. కాబట్టి ఈ వాదనతో టైం వృథా చేసుకోకండి.

అటవీ శాఖ పట్టుకుంటే కథ పూర్తిగా వేరు. అడవిలోంచి తెచ్చిన రాయి, ఇసుక కూడా అటవీ ఉత్పత్తే. అక్కడ 1967 నాటి అటవీ చట్టం సెక్షన్ 44 కింద జప్తు అధికారం అటవీ అధికారికే ఉంటుంది, దాని మీద జిల్లా కోర్టుకు అప్పీలు. కింద నేను చెప్పేవి ఆ కేసులకు చాలావరకు పనికిరావు.

ఆంధ్రప్రదేశ్‌లో పాత బండ్ల విషయంలో ఒక చిక్కుంది. 2020 మే నుంచి 2024లో రద్దయ్యేదాకా ఎస్‌ఈబీ, అంటే స్పెషల్ ఎన్‌ఫోర్స్‌మెంట్ బ్యూరో, ఇసుక కేసులు చూసింది. ఆ కాలంలో పట్టుకున్న బండి ఇంకా బయట పడకపోతే, ఫైలు ఇప్పుడు ఏ స్టేషన్‌లో ఉందో ముందు వెతకండి. పిటిషన్ తర్వాత.

2. మొదటి రోజు: కాగితం, ఫోటో

బండి దగ్గరికి వెళ్లండి. తిట్టడానికి, బతిమాలడానికి వద్దు, చూడటానికి వెళ్లండి. ఎక్కడ పెట్టారు? పోలీస్ స్టేషన్ వెనకా, తహసీల్దారు ఆఫీసు ఆవరణలోనా, దారిలో ఎవరిదో ఖాళీ స్థలంలోనా? నాలుగు వైపులా ఫోటో తీయండి. మీటర్ రీడింగు, టైర్లు, బ్యాటరీ, లోపలున్న సరుకు కూడా. ఫోన్లో తీసిన ఫోటోకి తేదీ, సమయం వాటంతట అవే ఉంటాయి. ఫోటో తీయనివ్వకపోతే గొడవ పడొద్దు. ఆ మాట తర్వాత అర్జీలో రాయండి.

పంచనామా నకలు అడగండి. అందులో మూడు చూడాలి. ఏ సమయానికి రాశారు, సాక్షులు ఎవరు, సరుకు ఎంత ఉందని రాశారు. కొన్ని పంచనామాలు ఆఫీసులోనే తయారవుతాయి. ఇద్దరు సాక్షులూ ఆ ఆఫీసు సిబ్బందే అయితే అది మీకు పనికొచ్చే విషయం.

పట్టుకున్నది పోలీసులైతే ఇంకో రెండు ఉన్నాయి. 2024 జూలై 1 నుంచి అమల్లో ఉన్న భారతీయ నాగరిక్ సురక్షా సంహితలో సెక్షన్ 105 ప్రకారం స్వాధీనాన్ని వీడియో తీయాలి. సెక్షన్ 106 ప్రకారం స్వాధీనం సంగతి వెంటనే మేజిస్ట్రేటుకు తెలియజేయాలి. "వీడియో ఉందా సార్, మేజిస్ట్రేటుకి రిపోర్టు ఎప్పుడు వెళ్లింది?" ఈ రెండు ప్రశ్నలూ మర్యాదగా, రాతలో అడగండి. స్టేషన్‌లో మీ వైపు చూసే చూపు మారుతుంది.

ఖాళీ కాగితం మీద సంతకం పెట్టొద్దు. డ్రైవర్‌కీ ఇదే చెప్పండి. అతన్ని కూర్చోబెట్టి "ఓనర్ చెబితేనే తోలాను" అని రాయించుకోవడం మామూలే. అసలు ఏం జరిగిందో అదే చెప్పమనండి, రాసింది చదివించుకుని సంతకం పెట్టమనండి. చేతికి డబ్బు ఇవ్వొద్దని నేను చెప్పక్కర్లేదు. అయినా చెబుతున్నాను, ఎందుకంటే ఇచ్చి మోసపోయినవాళ్లే నా దగ్గరికి ఎక్కువ వస్తారు. రసీదు లేని డబ్బు ఏ కోర్టులోనూ డబ్బు కాదు.

3. నిజంగా తప్పుందా? ఉంటే ఏ తప్పు?

"పర్మిట్ లేదు" అని ఒక్క మాటలో రాసేస్తారు. విప్పి చూస్తే చాలా రకాలు.

పర్మిట్ ఉంది, టైం దాటింది. ఇలాంటప్పుడు ర్యాంపు దగ్గర క్యూ, టైరు పంచరు, రోడ్డు మూసేయడం లాంటి కారణానికి రుజువు వెతకండి. పంచరు షాపువాడు ఇచ్చిన చీటీ, జీపీఎస్ రికార్డు, డీజిల్ బిల్లు మీద టైం. చిన్నవే కానీ ఇవే నిలబడతాయి.

పర్మిట్ ఉంది, సరుకు ఎక్కువ. కాటా చీటీ ఎక్కడిది? ఆ వేబ్రిడ్జి మీద బండి ఖాళీ బరువు కూడా తీశారా? పర్మిట్ ఘనపు మీటర్లలో ఉండి, కాటా టన్నుల్లో ఉంటే రెంటినీ కలపడంలోనే తేడా వస్తుంది. ఘనపు మీటరు ఇసుక సుమారు ఒకటిన్నర టన్ను అని లెక్కేస్తారు. అప్పుడే వాగులోంచి తీసిన తడి ఇసుక అంతకంటే బరువు తూగుతుంది. ఈ ఒక్క వాదనతో బండి బయటపడుతుందని కాదు, పెనాల్టీ లెక్క మాత్రం తగ్గొచ్చు.

పర్మిట్ మీద నంబరు ఒకటి, బండి నంబరు ఒకటి. ఇది కష్టం. టైపింగ్ తప్పయితే ఇచ్చినచోటే సరిచేసిన కాగితం తెచ్చుకోండి.

పర్మిట్టే లేదు, కానీ తోలింది మట్టి. ఇక్కడ కాస్త ఆగండి. మామూలు మట్టి ఎప్పుడూ ఖనిజం కాదు. 2000 ఫిబ్రవరి 3న కేంద్రం ఇచ్చిన నోటిఫికేషన్ ప్రకారం కట్టలు, రోడ్లు, రైల్వే లైన్లు, భవనాల నిర్మాణంలో నింపడానికి, చదును చేయడానికి వాడే మట్టే చిన్నతరహా ఖనిజం. ప్రమోటర్స్ అండ్ బిల్డర్స్ అసోసియేషన్ ఆఫ్ పుణె కేసులో సుప్రీంకోర్టు దీన్ని స్పష్టంగా చెప్పింది. మట్టిని దేనికి వాడుతున్నారన్నదే కొలమానం, తవ్వినంత మాత్రాన రాయల్టీ పడదు అంది. చెరువు మట్టిని పొలానికి తోలుకున్న రైతుకి ఇది నిజంగా బలమైన వాదన. అదే మట్టిని వెంచర్‌లో ప్లాట్లు లెవెల్ చేయడానికి తోలితే ఈ వాదన పని చేయదు. కాబట్టి "మట్టే కదా" అనకండి. ఎవరి పొలానికి, ఏ సర్వే నంబరుకి తోలుతున్నారో చెప్పి, ఆ రైతు చేత రాయించుకోండి.

ఇసుక విషయంలో ఒక అపోహ ఊరూరా ఉంది. ఆంధ్రప్రదేశ్‌లో 2024 జూలై 8 నుంచి ఉచిత ఇసుక వచ్చింది కాబట్టి కాగితం అక్కర్లేదని. ఉచితం ఇసుకే, రవాణా నియమాలు ఎక్కడికీ పోలేదు. రాష్ట్రం దాటించడం అప్పుడూ నేరమే, ఇప్పుడూ నేరమే. తెలంగాణలో ఖనిజాభివృద్ధి సంస్థ ఆన్‌లైన్ బుకింగ్ చీటీ లేకుండా లారీ కదిలితే వాదించడానికి పెద్దగా ఏమీ మిగలదు.

ముగ్గురాయి (బెరైటిస్), క్వార్ట్జ్, ఫెల్‌స్పార్, మైకా తోలేవాళ్లకు ఇంకో మాట. వీటిని 2015లో చిన్నతరహా ఖనిజాల్లో చేర్చారు, 2025 ఫిబ్రవరిలో మళ్లీ ప్రధాన ఖనిజాల్లోకి మార్చారు. మీ మీద పెట్టిన నిబంధన ఆ తేదీకి సరైనదేనా అన్నది లాయర్ చేత చూపించుకోండి. పాత ఫారాల్లో పాత నిబంధనలు అలాగే అచ్చు వేసి ఉంటాయి.

4. ఫైన్ కట్టేయాలా?

అందరూ అడిగే ప్రశ్న ఇదే. ఎంఎండీఆర్ చట్టం సెక్షన్ 23ఎ ప్రకారం నేరాన్ని రాజీ చేసుకోవచ్చు. అధికారి చెప్పిన మొత్తం కడితే ఆ చట్టం కింద కేసు ఆగిపోతుంది. మనవాళ్లు దీన్ని ఫైన్ అంటారు, ఆఫీసుల్లో కాంపౌండింగ్ అంటారు.

లెక్క వేసుకోండి. ట్రాక్టర్ మీద నెలకు కిస్తీ ఎంత? రోజు కూలి ఎంత పోతోంది? ఎండకీ వానకీ బండి ఎంత పాడవుతుంది? నిజంగా పర్మిట్ లేకుండా తోలి దొరికితే, అడిగిన మొత్తం నిబంధనల ప్రకారమే ఉంటే, మొదటిసారి అయితే, కట్టేసి బయట పడమనే చాలాసార్లు చెబుతాను. లాయర్ అయి ఉండి ఇలా చెబుతావేంటని ఒకాయన నవ్వాడు. ఆరు నెలలు కేసు నడిపి ఫైన్‌కి మూడింతలు పోగొట్టుకున్నవాళ్లని చూశాక ఇలాగే చెబుతాను.

కానీ కట్టేముందు మూడు సంగతులు.

మొదటిది, కాంపౌండింగ్ కాగితం మీద "నేను తప్పు చేశాను" అని ఉంటుంది. రేపు రెండోసారి పట్టుబడితే ఆ సంతకం మీ మీదే నిలబడుతుంది, మొత్తం పెరుగుతుంది. తప్పు లేదని మీకు గట్టిగా ఉంటే కట్టకండి. కట్టక తప్పదనుకుంటే "అభ్యంతరంతో, బండి విడుదల కోసం మాత్రమే చెల్లిస్తున్నాను" అని రాసి, ఆ నకలు మీద ముద్ర వేయించుకోండి. కొందరు తీసుకోరు. రిజిస్టర్డ్ పోస్టులో పంపండి.

రెండోది, దొంగతనం కేసు కూడా ఉంటే కాంపౌండింగ్‌తో అది పోదు. 2020 డిసెంబర్‌లో జయంత్ వర్సెస్ మధ్యప్రదేశ్ కేసులో సుప్రీంకోర్టు ఈ సంగతి తేల్చింది. ఖనిజాల చట్టం కింద రాజీ అయినా ఐపీసీ కేసు నడవొచ్చంది. ఫైన్ కట్టి, అంతా అయిపోయిందనుకుని, రెండేళ్లకు సమన్లు చూసి బిత్తరపోయినవాళ్లున్నారు.

మూడోది, ఖజానా చలానా ద్వారానే కట్టండి. చలానాలో హెడ్ ఆఫ్ అకౌంటు (డబ్బు ఏ పద్దుకి వెళ్తుందో చెప్పే నంబరు), బండి నంబరు ఉన్నాయో లేదో చూడండి.

5. అర్జీ రాయండి, ముద్ర వేయించుకోండి

బండి పట్టుకుని వారం దాటినా నోటీసు లేదు, ఉత్తర్వు లేదు, కోర్టుకు రిపోర్టు లేదు అంటే, ఒక పేజీ అర్జీ రాయండి. ఏ కోర్టుకి వెళ్లినా జడ్జి అడిగే మొదటి ప్రశ్న "మీరు అధికారిని అడిగారా?" అనే. ఇలా రాస్తే చాలు:

"అయ్యా, నా పేరిట రిజిస్టరైన ట్రాక్టర్ (నంబరు …), ట్రైలర్ (నంబరు …) తేదీ … న రాత్రి … గంటలకు … గ్రామం వద్ద తమ సిబ్బంది ఆపి, … ఆవరణలో ఉంచారు. ఏ చట్టం, ఏ సెక్షన్ కింద స్వాధీనం చేసుకున్నారో తెలిపే నోటీసు గానీ, పంచనామా నకలు గానీ ఇంతవరకు నాకు అందలేదు. అవి ఇప్పించవలసిందిగా, తగిన షరతులపై బండిని నాకు అప్పగించవలసిందిగా కోరుతున్నాను. వీలుకాకపోతే కారణాలు రాతపూర్వకంగా తెలపగలరు. విషయం కోర్టుకు నివేదించి ఉంటే ఏ కోర్టు, ఏ నంబరు అన్నది తెలపగలరు."

ట్రాక్టర్ నంబరుతో పాటు ట్రైలర్ నంబరు విడిగా రాయమన్నాను కదా, దాని వెనక ఒక కథ ఉంది. ట్రాక్టర్‌కీ ట్రైలర్‌కీ ఆర్‌సీలు వేరు. నేను కొత్తగా ప్రాక్టీసు మొదలుపెట్టిన రోజుల్లో పిటిషన్‌లో ట్రాక్టర్ నంబరు ఒక్కటే రాశాను. ఉత్తర్వూ ట్రాక్టర్‌కే వచ్చింది. క్లయింటు సంబరంగా స్టేషన్‌కి వెళ్తే, కొక్కెం విప్పి ఇంజన్ ఒక్కటి ఇచ్చి పంపారు. ట్రైలర్ కోసం మళ్లీ పిటిషన్ వేయాల్సి వచ్చింది. అది తేలేలోపు వాన పడి, లోపలున్న ఇసుకలో గడ్డి మొలిచింది. ఆ రైతు ఇప్పటికీ కనబడితే "సార్, ట్రైలర్ నంబరు రాశారా?" అని అడుగుతాడు.

6. కింది కోర్టులో మధ్యంతర కస్టడీ

పోలీసులు కేసు పెట్టి, బండి సంగతి మేజిస్ట్రేటుకు చెప్పి ఉంటే, మధ్యంతర కస్టడీకి, అంటే కేసు తేలేదాకా బండిని మీకు అప్పజెప్పమని అడగడానికి, మామూలుగా మొదట వెళ్లాల్సింది అక్కడికే. కోర్టు ముందు ఉంచిన ఆస్తికి నాగరిక్ సురక్షా సంహిత సెక్షన్ 497, పోలీసుల స్వాధీనం రిపోర్టు చేసిన ఆస్తికి సెక్షన్ 503. పాత సీఆర్‌పీసీలో ఇవి 451, 457. ఖనిజాల చట్టం కింద ప్రత్యేక కోర్టుగా మీ జిల్లాలో ఏ సెషన్స్ కోర్టును నోటిఫై చేశారో కూడా కనుక్కోండి. తప్పుడు కోర్టులో పిటిషన్ వేస్తే వారాలు పోతాయి.

ఇక్కడ మీ చేతిలో ఉండే పెద్ద ఆయుధం సుందర్‌భాయ్ అంబాలాల్ దేశాయ్ కేసు. 2002 అక్టోబర్ 1న సుప్రీంకోర్టు ఇచ్చిన తీర్పు. పట్టుకున్న బండ్లను స్టేషన్లలో ఏళ్ల తరబడి ఉంచి తుప్పు పట్టించడం వల్ల ఎవరికీ లాభం లేదని, ఫోటోలు తీసి, పంచనామా రాసి, బాండు, పూచీకత్తు తీసుకుని ఓనర్‌కి ఇవ్వాలని చెప్పింది. కొత్త సంహిత సెక్షన్ 497 ఈ ఆలోచననే ఇంకాస్త ముందుకు తీసుకెళ్లింది. ఆస్తి కోర్టు ముందుకొచ్చిన 14 రోజుల్లో వివరాలు రాయాలి, ఫోటో లేదా వీడియో తీయాలి, ఆ తర్వాత 30 రోజుల్లో దాన్ని ఏం చేయాలో ఉత్తర్వు ఇవ్వాలి.

పిటిషన్‌తో పాటు పెట్టాల్సినవి: ఆర్‌సీలు, ఇన్సూరెన్స్, ఉంటే పర్మిట్, ఫైనాన్స్ కిస్తీ స్టేట్‌మెంట్, మీరిచ్చిన అర్జీ నకలు. పిటిషనర్ ఆర్‌సీ మీద పేరున్న మనిషే అయ్యుండాలి. బండి కొని రెండేళ్లయినా ట్రాన్స్‌ఫర్ చేయించని వాళ్లు ఇక్కడ ఇరుక్కుంటారు. పాత ఓనర్‌ని వెతికి పట్టుకుని కోర్టుకి తీసుకురావాలి. ఆయన ఏదో డబ్బు బాకీ గుర్తుచేసుకుంటాడు. తండ్రి పేరున ఉండి తండ్రి చనిపోయి ఉంటే వారసత్వ పత్రం కావాలి.

కోర్టు పెట్టే షరతులు దాదాపు ఒకేలా ఉంటాయి: బండి విలువకు బాండు, ఒకరిద్దరు జామీనుదారులు, అమ్మకూడదు, రంగు రూపం మార్చకూడదు, పిలిచినప్పుడు చూపించాలి, మళ్లీ ఇలాంటి పనికి వాడకూడదు. చివరి షరతు తేలిగ్గా తీసుకోవద్దు. కస్టడీలో ఉన్న బండే మళ్లీ దొరికితే, ఆ తర్వాత ఏ జడ్జీ మీ మాట వినడు.

7. హైకోర్టుకి ఎప్పుడు వెళ్లాలి

ఊళ్లో చాలామంది మొదటి మాటే "హైకోర్టులో రిట్ వేద్దాం" అంటారు. దానికి వేళ ఉంది. రాజ్యాంగం 226వ అధికరణ కింద రిట్, అంటే అధికారుల చర్య మీద నేరుగా హైకోర్టులో వేసే పిటిషన్, సరిగ్గా సరిపోయేది ఈ సందర్భాల్లో: పట్టుకున్న అధికారికి అధికారం లేనప్పుడు, నోటీసు లేకుండా పెనాల్టీ వేసినప్పుడు, ఏ కేసూ లేకుండా, ఏ కోర్టుకీ చెప్పకుండా బండిని వారాల తరబడి ఉంచినప్పుడు, కోర్టు ఉత్తర్వు లేకుండా వేలం వేయబోతున్నప్పుడు. చట్టం ఇచ్చిన అధికారం లేకుండా ఎవరి ఆస్తినీ తీసుకోకూడదని 300ఎ అధికరణ చెబుతుంది. రిట్‌లో అదే గుండెకాయ.

ప్రభుత్వ ప్లీడర్ మొదట అనేది, నిబంధనల్లో అప్పీలు దారి ఉంది కదా, ఇక్కడికెందుకు వచ్చారని. దానికి జవాబు 1998 నాటి వర్ల్‌పూల్ కార్పొరేషన్ తీర్పు. సహజ న్యాయం పాటించనప్పుడు, అంటే మీ మాట వినకుండానే నిర్ణయించినప్పుడు, అధికార పరిధే లేనప్పుడు ప్రత్యామ్నాయం ఉన్నా రిట్ వినొచ్చు. కానీ కారణాలతో కూడిన ఉత్తర్వు మీ చేతికి వచ్చి, దాని మీద అప్పీలు గడువు నడుస్తుంటే అప్పీలే వేయండి. గడువు దాటాక "రిట్ ఉందిగా" అనుకుంటే రెండూ పోతాయి.

రిట్‌లో మధ్యంతర ఉత్తర్వు కోసం అప్లికేషన్ కూడా వేస్తారు. ఎలా విడుదల అడుగుతున్నారో రాయండి. బాండు మీదనా, కొంత డిపాజిట్ మీదనా? షరతులకు సిద్ధమని మీరే చెబితే కోర్టు పని తేలికవుతుంది. "ఒక్క పైసా కట్టను" అనే ధోరణి ఈ కేసుల్లో పని చేయదు. దానికి కారణం ఉంది. నదులు ఎలా తవ్వేస్తున్నారో కోర్టులు రోజూ చూస్తున్నాయి. 2012లో దీపక్ కుమార్ వర్సెస్ హర్యానా కేసులో చిన్న విస్తీర్ణంలో తవ్వకానికీ పర్యావరణ అనుమతి తప్పనిసరి చేసింది సుప్రీంకోర్టే. అక్రమ ఇసుక బండ్లను వదలాలంటే పర్యావరణ పరిహారం కట్టించాలని జాతీయ హరిత ట్రిబ్యునల్ కూడా చెప్పింది. జడ్జి మనసులో ఇవన్నీ ఉంటాయి.

గుజరాత్ తీర్పు ఒకటి వాట్సాప్‌లో తిరుగుతుంటుంది, నాకూ నలుగురు పంపారు. నాథూభాయ్ జినాభాయ్ గమారా కేసు, 2020. 45 రోజుల్లో కోర్టులో ఫిర్యాదు వేయకపోతే బండి వదిలేయాలని అక్కడి హైకోర్టు అంది. ఆ 45 రోజుల గడువు గుజరాత్ 2017 నిబంధనల్లో ఉన్నది. మన రాష్ట్రాల్లో దాన్ని కట్టుబడాల్సిన తీర్పుగా చూపలేం. కానీ దాని వెనకున్న తర్కాన్ని వాడుకోవచ్చు: జప్తు చేసే అధికారం కోర్టుదే, కోర్టు ముందుకు ఫిర్యాదే వెళ్లకపోతే బండిని దేని కోసం ఉంచుకున్నట్టు? ఎంఎండీఆర్ చట్టం సెక్షన్ 22 ప్రకారం ఆ చట్టం కింద నేరాన్ని కోర్టు విచారణకు తీసుకోవాలంటే అధికారి రాతపూర్వక ఫిర్యాదు కావాలి. ఆ ఫిర్యాదు వేశారా లేదా అన్నది మీ రిట్‌లో మొదటి పేరాలోనే రాయించండి.

ఖర్చు భయమైతే జిల్లా న్యాయసేవాధికార సంస్థకి వెళ్లండి. ఎస్సీ, ఎస్టీలకు, మహిళలకు ఆదాయంతో సంబంధం లేకుండా ఉచితంగా లాయర్‌ని ఇస్తారు. 15100 నంబరుకి ఫోన్ చేసినా చెబుతారు. ట్రాక్టర్ భార్య పేరున ఉన్న ఇళ్లు చాలా ఉన్నాయి, ఈ సంగతి వాళ్లకి పనికొస్తుంది.

8. బండి వచ్చింది, కేసు పోలేదు

మధ్యంతర కస్టడీ అంటే బండి మీదైపోయిందని కాదు, కేసు తేలేదాకా దాచమని మీకు అప్పజెప్పారని. సెక్షన్ 21(4ఎ) కింద జప్తు ప్రశ్న చివర్లో వస్తుంది. అప్పుడు ఓనర్‌కి నోటీసు ఇవ్వకుండా జప్తు చేయబోతే గట్టిగా అభ్యంతరం చెప్పండి. డ్రైవర్ మీకు తెలియకుండా తోలాడన్నది మీ వాదన అయితే, దానికి రుజువు ఇప్పుడే భద్రపరచండి: ఆ రాత్రి ఫోన్ కాల్ రికార్డు, జీపీఎస్, మీరు ఊళ్లో లేరని చూపించే టికెట్. మూడేళ్ల తర్వాత కంపెనీ కాల్ డేటా ఇవ్వదు. డ్రైవర్ కూడా అప్పటికి వేరే ఊళ్లో ఉంటాడు.

వాయిదాలకు వెళ్లండి. బండి ఇంటికొచ్చిందని కోర్టు మర్చిపోయినవాళ్ల మీద వారెంట్లు వస్తాయి, జామీనుదారుడి ఇంటికి నోటీసు వెళ్తుంది. జామీను నిలబడింది మీ బావమరిది అయితే ఆ గొడవ పండగ దాకా సాగుతుంది.

9. విడుదల రోజు

ఉత్తర్వు సర్టిఫైడ్ కాపీ రెండు తీసుకోండి. ఒకటి స్టేషన్‌కి, ఒకటి మీ దగ్గర. వెళ్లేటప్పుడు మెకానిక్‌ని, ఒక బ్యాటరీని, డీజిల్ డబ్బాని తీసుకెళ్లండి. నెలల తరబడి నిలబడిన బండి స్టార్ట్ కాదు. మొదటి రోజు తీసిన ఫోటోలు ఫోన్లో తెరిచి, టైర్లు, బ్యాటరీ, జాకీ, టూల్ బాక్స్ ఒక్కొక్కటీ పోల్చి చూడండి. ఏదైనా లేకపోతే అప్పగింత రసీదు మీద సంతకం పెట్టేముందే "బ్యాటరీ లేదు, వెనక కుడి టైరు మార్చి ఉంది" అని మీ చేత్తో రాసి, ఆ తర్వాతే సంతకం పెట్టండి. స్టేషన్ గేటు దాటాక ఆ బ్యాటరీ ఎక్కడిదని ఎవరూ అడగరు.